బొమ్మ లేని గది

పొద్దు వాలింది. భోజనాలు ముగిశాయి. ఆయన రాలేదు.

1890 జులై 27, ఆదివారం. పారిస్‌కి ఉత్తరాన దాదాపు 30 కిలోమీటర్ల దూరంలో వాజ్ నది ఒడ్డునున్న పల్లె, ఓవెర్. ఊరి కచేరీకి ఎదురుగా రావూ గారి పూటకూళ్ల ఇల్లు. ఇంటిల్లిపాదీ గుమ్మంలో గాలికి కూచున్నారు. పగలంతా కాసిన ఎండకి గోడలింకా సెగలు కక్కుతున్నాయి. పై అటకలో ఉంటున్న డచ్చి చిత్రకారుడు వేళకి ఠంచనుగా వచ్చి తినే మనిషి. రోజుకి మూడున్నర ఫ్రాంకులిచ్చి, పెట్టింది తిని, ఎవరినీ ఇబ్బంది పెట్టకుండా లేచిపోయే మనిషి. ఆ మధ్యాహ్నం తిని బయటికెళ్లాడు. చీకట్లు ముసురుతున్నా జాడ లేదు.

అప్పుడు కనిపించాడు. వంగి నడుస్తున్నాడు. ఒక చెయ్యి పొట్ట మీద అదిమిపెట్టుకున్నాడు.

రావూ గారి కూతురు ఆడెలిన్‌కి అప్పటికి పదమూడేళ్లు. కళ్లు విప్పుకుని చూస్తోంది. వాళ్లమ్మ లేచి పలకరించింది. మస్యూ విన్సెంట్, మీకోసం కంగారుపడుతున్నాం, ఏమన్నా జరిగిందా అని అడిగింది. ఏమీ లేదు గానీ, అని ఏదో అనబోయాడు. మాట మధ్యలో తెగిపోయింది. వాళ్లని దాటుకుని లోపలికెళ్లాడు, చీకటి మెట్లు ఒక్కొక్కటే ఎక్కాడు. 5వ నంబరు గది తలుపు మూసుకుంది.

ఆ తలుపు అవతల ఏం జరిగిందో చూపించే బొమ్మ ఆయన ఒక్కటీ గీయలేదు.

అక్కడే వచ్చింది చిక్కు. 57 ఏళ్ల తర్వాత, పారిస్‌లో, ఒక పాతికేళ్ల కుర్రాడికి.

పేరు అలాన్ రెనే. ఫ్రెంచి సినిమా బడిలో ఎడిటింగ్ నేర్చుకున్నవాడు. చేతిలో డబ్బుల్లేవు, ఉన్నదల్లా 16 ఎంఎం ఫిల్ము. 1947లో పారిస్‌లో విన్సెంట్ వాన్‌గో చిత్రాల ప్రదర్శన జరుగుతోంది. ఆ సందర్భానికి ఒక చిన్న సినిమా తియ్యమని గాస్తోన్ డీల్, రాబెర్ ఎస్సెన్స్ అతన్ని కలుపుకున్నారు. డాక్యుమెంటరీ అనగానే అందరికీ తెలిసిన దారి ఒకటుంది. ఆయన పుట్టిన ఊరు చూపించు, పడుకున్న మంచం చూపించు, సమాధి చూపించు, వెనకనుంచి గంభీరమైన గొంతు ఒకటి పెట్టు. రెనే ఆ దారి తొక్కలేదు. నటుడు లేడు. నిజమైన వీధి లేదు, నిజమైన చెట్టు లేదు. తెర మీద మొదటినుంచి చివరిదాకా వాన్‌గో గీసిన బొమ్మలే. వాటితోనే ఆ మనిషి బతుకంతా చెప్పాలి.

అంటే చావు కూడా వాటితోనే చెప్పాలి.

మేడ మీద మూలుగు వినిపించింది. రావూ గారు చెవి ఒగ్గి విన్నాడు. మళ్లీ వినిపించింది. గబగబా మెట్లెక్కాడు. గది ఎంతని? ఏడు చదరపు మీటర్లు. ఇనప మంచం వేస్తే అటూ ఇటూ తిరగడానికి చోటుండదు. గోడలో కిటికీ లేదు, వాలు కప్పులో చదరంగా ఒక సందు, అంతే. విన్సెంట్ మోకాళ్లు గడ్డానికి ఆనేలా ముడుచుకుని పడున్నాడు. ఏమైందని అడిగాడు రావూ. చొక్కా పైకెత్తి చూపించాడు. గుండెకి కాస్త దిగువన, ఎడమ పక్క, చిన్న గాయం.

నన్ను నేనే కాల్చుకున్నాను, అన్నాడు.

ఊరి డాక్టరు మాజెరీ వచ్చాడు. ఆ వెనకే డాక్టర్ గాషే, పదిహేడేళ్ల కొడుకుని వెంటబెట్టుకుని పరుగున వచ్చాడు. గాషే మామూలు డాక్టరు కాదు. చిత్రకారులంటే ప్రాణం పెడతాడు. తనూ పాల్ వాన్ రైసెల్ అనే మారుపేరుతో బొమ్మలేస్తాడు. పిచ్చాసుపత్రి నుంచి బయటపడ్డ విన్సెంట్‌ని ఆయన కనిపెట్టుకుని ఉంటాడన్న భరోసాతోనే తమ్ముడు థియో ఆ ఊరు పంపించాడు. దీపం వెలుతురులో ఇద్దరు డాక్టర్లూ గాయం తడిమి చూశారు. గుండు లోపలే ఉంది. తియ్యడం తమవల్ల కాదు. పారిస్‌కి కదిలించే సాహసం కూడా చెయ్యలేకపోయారు. కట్టుకట్టారు. ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు.

విన్సెంట్ మాత్రం పైపు అడిగాడు.

వెలిగించి ఇచ్చారు. మంచంలో పడుకుని పొగ పీలుస్తున్నాడు. మిమ్మల్ని బతికించగలననే నమ్మకం ఉంది అన్నాడు గాషే. అయితే మళ్లీ మొదటికే అన్నట్టు బదులొచ్చింది. తమ్ముడి ఇంటి అడ్రసు చెప్పమన్నారు. చెప్పనంటే చెప్పనన్నాడు. గాషే చీటీ రాసి పెట్టుకున్నాడు. ఎక్కడికి పంపాలి? రాత్రి కదలడం లేదు. రావూ గారు మంచం పక్కనే కూచున్నాడు. గోడకి అవతల ఇంకో డచ్చి కుర్రాడు, హిర్షిగ్ అనే చిత్రకారుడు, నిద్రపట్టక దొర్లుతున్నాడు. పెంకుల కింద ఆ అటక ఎలా ఉడికిపోయిందో ఆ కుర్రాడు చాలా ఏళ్లదాకా మరిచిపోలేదు.

అసలు ఆ ఆదివారం పగలు ఏం జరిగింది?

మే 20న ఆ పల్లెలో దిగాడు విన్సెంట్. జులై 29 నాటికి 70 రోజులు. ఆ 70 రోజుల్లో వేసిన బొమ్మలు 70కి పైనే. పొద్దున్నే ఈజిల్ భుజానేసుకుని పోవడం, సాయంత్రం తడి కాన్వాస్‌తో తిరిగి రావడం. చర్చి వేశాడు. గాషేని వేశాడు. నీలం గౌనులో ఆడెలిన్‌ని కూచోబెట్టి, నోట్లో పైపు తియ్యకుండా, మాటా పలుకూ లేకుండా ఒక్క పూటలో వేసేశాడు. ఆ పిల్లకి బొమ్మ నచ్చలేదు. తనలా లేదనుకుంది. ఇక ఆ ఆదివారం వేసింది చెట్ల వేళ్లు. గట్టు తెగి బయటపడ్డ వేళ్లు, నీలంగా, మెలికలు తిరిగి, మట్టిని వదలకుండా. 2020లో వౌటర్ వాన్ డెర్ వేన్ అనే పరిశోధకుడు ఒక పాత పోస్టుకార్డులో అదే గట్టుని గుర్తుపట్టాడు. పూటకూళ్ల ఇంటికి నూట యాభై మీటర్ల దూరం. బొమ్మలో వెలుతురు పడిన తీరుని బట్టి అది సాయంత్రపు ఎండ అని ఆయన లెక్కకట్టాడు. అంటే చివరి మధ్యాహ్నం దాదాపంతా కుంచె చేతిలోనే ఉంది. చావుని తలుచుకుంటూ కూచున్న మనిషి పని కాదది. ఎండ చల్లబడేదాకా వేళ్లని గీస్తూ నిలబడ్డ మనిషి పని.

ఆ తర్వాతి రెండు మూడు గంటలు ఎవరికీ తెలియవు. తుపాకి పేల్చింది ఆయన కాదేమో, ఊళ్లో ఆకతాయి కుర్రాడి చేతిలో పేలిందేమో అని 2011లో ఇద్దరు అమెరికన్ రచయితలు వాదించారు. ఆమ్‌స్టర్‌డామ్‌లోని వాన్‌గో మ్యూజియం పండితులు ఒప్పుకోలేదు.

కానీ సోమవారం పొద్దున్నే ఆ ప్రశ్నే బూట్లు టకటకలాడించుకుంటూ మెట్లెక్కింది.

పోలీసులు. ఇద్దరు. గది గుమ్మంలో నిలబడి గద్దించారు. నువ్వేనా చేసుకుంది? అవునన్నాడు. అది నేరమని తెలుసా? ఈ ఒళ్లు నాది, దీన్ని ఏం చేసుకోవాలో నా ఇష్టం, ఎవరి మీదా నింద వెయ్యొద్దు అన్నాడు. వాళ్ల గొంతు పెరిగింది. రావూ గారికి ఒళ్లు మండింది. ఆ స్థితిలో ఉన్న మనిషితో మాట్లాడే పద్ధతి ఇదేనా అని అడ్డుపడ్డాడు. వాళ్లు దిగిపోయారు.

అప్పటికే హిర్షిగ్ రైల్లో ఉన్నాడు. జేబులో గాషే రాసిన చీటీ. ఇంటి అడ్రసు లేదు కాబట్టి థియో పనిచేసే చిత్రాల దుకాణానికి పోవాలి. పారిస్, మోమార్త్ బులెవార్. థియో అక్కడ మేనేజరు. అన్నకి రంగులు, కాన్వాసులు, తిండి, అద్దె అన్నీ ఏళ్ల తరబడి ఆ జీతంలోంచే వెళ్లాయి. జనవరి 31న థియోకి కొడుకు పుట్టాడు. అన్న పేరే పెట్టుకున్నాడు. పుట్టిన బిడ్డ కోసం విన్సెంట్ నీలాకాశం మీద బాదం పూల కొమ్మలు గీసి పంపాడు. ఇప్పుడా తల్లీ బిడ్డా హాలెండ్‌లో ఉన్నారు. థియో ఒంటరిగా ఉన్నాడు. ఉద్యోగం మానేసి సొంత వ్యాపారం పెట్టాలా వద్దా అని నెలంతా నలిగిపోతున్నాడు. ఆ నలుగుడు అన్నకీ తెలుసు.

హిర్షిగ్ చీటీ చేతిలో పెట్టాడు. థియో చదివాడు. స్టేషన్‌కి పరుగెత్తాడు.

రెనే సినిమా 1948లో మళ్లీ మొదలైంది. 16 ఎంఎం ప్రతిని చూసిన నిర్మాత పియెర్ బ్రాన్‌బెర్జే, దీన్ని 35 ఎంఎంలో తియ్యి, నేను డబ్బు పెడతానన్నాడు. రెనే తీశాడు. ఇరవై నిమిషాలు నిండని సినిమా. నలుపు తెలుపు. వాన్‌గో బొమ్మలు నలుపు తెలుపులోనా? ఆ పసుపు లేకుండానా? పొద్దుతిరుగుడు పువ్వు బూడిదరంగులో ఎలా ఉంటుంది? వినడానికే నేరంలా ఉంటుంది. కానీ సినిమా చూస్తే తెలుస్తుంది. రంగులుంటే ప్రతి బొమ్మా తన సొంత వెలుతురుతో విడిగా నిలబడుతుంది, ఒకదాన్నుంచి ఇంకోదానికి వెళ్లిన ప్రతిసారీ కన్ను తడబడుతుంది. రంగు తీసేస్తే అతుకు కనపడదు. ఒక బొమ్మలో ఇంటి బయట ఉన్న కెమెరా కిటికీ వైపు మెల్లగా కదులుతూ, దగ్గరవుతూ, గోడ దాటి, ఎప్పుడో ఇంకో ఏడాది ఇంకెక్కడో గీసిన గదిలోకి జారిపోయి, అక్కడి కుర్చీనీ మంచాన్నీ తడిమి, మళ్లీ వీధిలోకొచ్చి, చెట్ల మీదుగా ఎగిరి, పిచ్చాసుపత్రి వసారాల్లో తిరిగి, చివరికి ఓవెర్ గోధుమ చేల్లో తేలుతుంది. ఎక్కడా చట్రం అంచు కనిపించదు. వందల బొమ్మలు కలిసి ఒకే ఊరైపోతాయి. ఆ ఊళ్లో ఒకే మనిషి నడుస్తుంటాడు. కనిపించడు. ఆయన చూసిందే మనం చూస్తుంటాం.

ఈ సినిమా గురించి విమర్శకుడు ఆంద్రే బాజాన్ మంచి మాట రాశాడు. పటం చట్రం చూపుని లోపలికి లాగుతుంది, సినిమా తెర బయటికి తోస్తుంది అన్నాడు. రెనే చట్రాలన్నీ ఊడబీకాడు. బొమ్మకి అవతల ఇంకా లోకం ఉందని నమ్మించాడు.

ఒక్క చోట తప్ప. అవతల ఏమీ లేని చోటు ముందుంది.

మధ్యాహ్నానికల్లా థియో వచ్చాడు. మెట్లు ఎలా ఎక్కాడో తెలియదు. తలుపు తెరిచాడు. పొగ, వేడి, రక్తం వాసన. అన్న మంచంలో ఉన్నాడు. బతికే ఉన్నాడు. తమ్ముణ్ణి చూసి మొహం విప్పారింది. ఏడాదిన్నర కిందట ఆర్ల్ ఆసుపత్రికి కూడా థియో ఇలాగే పరుగెత్తాడు, అన్న చెవి కోసుకున్న రాత్రి తర్వాత. అప్పుడు బతికాడు. ఇప్పుడూ బతుకుతాడేమో.

థియో మంచం పక్కనుంచి కదల్లేదు. డచ్చి భాషలో మాట్లాడుకుంటున్నారు. రావూ గారింటివాళ్లకి అర్థం కావడం లేదు. కాస్త సందు దొరికితే థియో భార్యకి ఉత్తరం రాశాడు. అనుకున్నదానికంటే మెరుగ్గానే ఉన్నాడని రాశాడు. నిన్నూ బాబునీ అడిగాడని రాశాడు. ఆ రోజు థియోకి ఆశ ఉంది. ఉత్తరం నిండా అదే కనిపిస్తుంది.

సాయంత్రం దిగింది. ఊపిరి బరువెక్కింది.

రెనే సినిమా ఇక్కడిదాకా వచ్చేసరికి చేతిలో ఉన్న బొమ్మలన్నీ అయిపోతాయి. ఆర్ల్‌లోని పడకగదిని విన్సెంట్ ఒకటి కాదు, మూడుసార్లు గీశాడు. మంచం, కుర్చీలు, కిటికీ, గోడకి తగిలించిన తువ్వాలుతో సహా. ఓవెర్‌లోని ఈ అటకని ఒక్కసారి కూడా గీయలేదు. 5వ నంబరు గదిలోకి కెమెరాని తీసుకెళ్లే కిటికీ లేదు. రెనేకి మిగిలింది కాకులు వాలిన గోధుమ చేను. మీటరు వెడల్పు, అందులో సగం ఎత్తు. నల్లటి ఆకాశం, మూడు దారులు, ఒక్కటీ ఎటూ పోదు. అదే ఆయన చివరి బొమ్మ అని లోకం చాలాకాలం నమ్మింది. నిజానికి అది అంతకు రెండు వారాలకి పైగా ముందు వేసింది. కానీ ఆ కాకుల రెక్కల మీద కెమెరా పడ్డప్పుడు లెక్కలు గుర్తుకు రావు. ఆ తర్వాత చీకటి.

ఆ చీకట్లోనే ఉంది ఆ రాత్రి.

సోమవారం రాత్రి. కప్పులో చదరంలోంచి రవ్వంత ఆకాశం. ఇద్దరన్నదమ్ములు. ఒకరికి 37, ఇంకొకరికి 33. గాయానికి చీము పట్టింది, జ్వరం పెరిగింది. ఒకప్పుడు హాలెండ్‌లో చిన్న పల్లె ఇంట్లో కలిసి పెరిగిన పిల్లలు. అప్పట్నుంచీ వాళ్ల మధ్య నడిచిన ఉత్తరాలు వందల్లో ఉన్నాయి. విన్సెంట్ జేబులో ఇంకోటి ఉంది, థియోకే రాసింది, పూర్తి చెయ్యనిది. థియోకి అది తర్వాత దొరుకుతుంది. దాని మీద తేదీ వేసి, ఆ రోజు అన్న దగ్గరున్న ఉత్తరం ఇదని తనే రాసుకుంటాడు.

ఇప్పుడు మాత్రం చెయ్యి పట్టుకున్నాడు. ఇలాగే పోతే బాగుండును అన్నాడు విన్సెంట్.

కొద్దిసేపటికి పోయాడు. మంగళవారం తెల్లవారుజామున ఒంటిగంటన్నర.

రావూ గారు సొంత మనిషి పోయినట్టే ఇల్లు సర్దాడు. వీధి తలుపు తీసే ఉంచి, కిటికీ రెక్కలు మూసేశారు. పొద్దున పది గంటలకి థియో, రావూ ఎదురుగా ఉన్న కచేరీకి వెళ్లి మరణం నమోదు చేయించారు. రెండు వారాల కిందట జులై 14 పండక్కి ఆ కచేరీకి జెండాలు కడితే విన్సెంట్ దాన్ని బొమ్మ వేశాడు. ఇప్పుడు దాని పుస్తకంలో తమ్ముడి సంతకం పడింది. గాషే మేడ మీదికెళ్లి మంచం పక్కన కూచున్నాడు. బొగ్గు ముక్క తీశాడు. దిండు మీద వాలిన తల, మూసిన కళ్లు, పైకి లేచిన ముక్కు. గబగబా గీశాడు. ఆ గదిలోంచి మనకి దక్కింది ఆ ఒక్క బొమ్మే. అది విన్సెంట్ గీసింది కాదు కాబట్టి రెనే సినిమాలో దానికి చోటు లేదు.

ఊరి వడ్రంగి లెవర్ పెట్టె చేశాడు. ఆయన చంటివాణ్ణి కూడా విన్సెంట్ చేతిలో నారింజ పండుతో బొమ్మ వేశాడంటారు. ప్రాణం తీసుకున్నవాడని ఊరి చర్చి పాదిరి శవం బండి ఇవ్వలేదు. పక్కూరు మేరీ నుంచి తెప్పించారు.

రెనే సినిమా 1948లో వెనిస్‌లో బహుమతి తెచ్చుకుంది. 1950 మార్చిలో ఆస్కార్ వచ్చింది. ఆ పదమూడేళ్ల ఆడెలిన్ అప్పటికింకా బతికే ఉంది. డెబ్బై దాటింది. ఆ సాయంత్రం గుమ్మంలో తను చూసిందీ, ఆ రాత్రుల గురించి తండ్రి తనకి చెప్పిందీ వివరంగా లోకానికి చెప్పింది 1950లలోనే. పొట్ట మీద చెయ్యి, తెగిపోయిన మాట, పోలీసుల గద్దింపు, రావూ గారి కోపం, అన్నీ ఆ ముసలావిడ నోటినుంచే వచ్చాయి. రెనే తన సినిమాని కత్తిరించి అతికే వేళకి అవేవీ అతనికి అందుబాటులో లేవు. అతని దగ్గరున్నవి బొమ్మలే.

బుధవారం, జులై 30. ఎండ మాడ్చేస్తోంది. పారిస్ నుంచి స్నేహితుడు, చిత్రకారుడు ఎమీల్ బెర్నార్ రొప్పుకుంటూ వచ్చేసరికి పెట్టె మూసేశారు. రంగులు అప్పిచ్చే ముసలి తాంగీ వచ్చాడు. చిత్రకారుడు పిసారో కొడుకు లూసియెన్ వచ్చాడు. కింద గదిలో పెట్టె ఉంది. మీద తెల్ల గుడ్డ, దాని నిండా పసుపు పువ్వులు. పక్కన నేల మీద ఈజిల్, మడత పీట, కుంచెలు. గోడలకి చుట్టూ ఆయన చివరి కాన్వాసులన్నీ మేకులు కొట్టి తగిలించారు. మూడు గంటలకి స్నేహితులే పెట్టెని భుజాలకెత్తుకుని బండిలోకి చేర్చారు. గోధుమ చేల మధ్యనుంచి దిబ్బ ఎక్కి శ్మశానానికి నడిచారు. గాషే రెండు మాటలు చెప్పబోయి ఏడుపు ఆపుకోలేకపోయాడు.

థియో తిరిగొచ్చాక గోడల మీది బొమ్మల్లోంచి ఏది కావాలో తీసుకోమని వచ్చినవాళ్లకి పంచిపెట్టాడు. ఆరు నెలలు తిరక్కుండా తనూ పోయాడు.

మేడ మీద 5వ నంబరు గది ఆ తర్వాత ఎవరికీ అద్దెకివ్వలేదు.